నవ్వడం వచ్చినవాళ్ళు కావలెను

పోయిన వారం ఆర్లో పెన్నిక్ నోట ఒక అబద్ధం పలికించి, మనిషిని అక్కడే వదిలేసి వచ్చాం. ఎలా వదిలామో ఒకసారి చూసుకుని ముందుకు పోదాం.

తొమ్మిదేళ్ళుగా హాలీవుడ్‌లో బట్లరుగా తలుపులు తీసి, హోటలు గుమాస్తాగా తాళాలు అందించి, పెళ్ళి సీన్లలో పాదిరీగా నిలబడి, అరవై మూడు సినిమాల్లో కనిపించాడు ఆర్లో. వాటిలో పేరున్న పాత్ర ఒక్కటీ లేదు. అలాంటివాడికి ఏభై ఎనిమిదో ఏట అదృష్టం కలిసొచ్చింది. రంగస్థలాన్ని వదిలి వెళ్ళిపోతున్న ఒక ముసలి వాడ్‌విల్ హాస్యగాడి పాత్ర అతన్ని వెతుక్కుంటూ వచ్చింది. వాడ్‌విల్ అంటే ఊరూరా తిరుగుతూ పాటలూ, హాస్యాలూ, విద్యలూ చూపించే ఆటలు. "మీ పాత రోజుల ఐటం ఏదైనా ఉంటే చేసి చూపించండి" అన్నాడు డైరెక్టర్ హోల్ట్. ఆర్లో ఆఫీసు గదిలోనే, కుర్చీని ట్రంకు పెట్టె అనుకుని, పెట్టె సర్దుకునే ఐటం చేశాడు. హోల్ట్ నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుని, "ఇది ఎవరి ఐటమండీ?" అని అడిగాడు.

"నాదే" అన్నాడు ఆర్లో.

అతనిది కాదు. అతని మాజీ భార్య లెట్టీ మార్ష్‌ది. పన్నెండేళ్ళపాటు ఊరూరా ఆమె పెట్టె సర్దుతుంటే, టోపీ చేత్తో పట్టుకుని తలుపు దగ్గర నిలబడడం మాత్రమే ఆర్లో పని. నవ్వులన్నీ ఆమెవి. సినిమాకి మాటలొచ్చిన కొత్తలో, మాట్లాడడం వచ్చినవాళ్ళ కోసం స్టూడియోలు దేశమంతా గాలిస్తుంటే, ఒమాహా ఊళ్ళో ఒక ఏజెంటు ఆర్లోని ఒక్కడినే రమ్మన్నాడు. "రెండు నెలల్లో నిన్నూ పిలిపిస్తాను" అని చెప్పి అతను రైలెక్కాడు. పిలిపించలేదు. విడాకుల కాగితాలు మాత్రం తపాలాలో పంపించాడు.

ఇక ఈ సోమవారం సంగతి. పొద్దున్న తొమ్మిదింటికి స్టూడియోలో వేసిన థియేటరు సెట్లో, ఎర్ర ముఖమల్ కుర్చీల్లో ఎనభై మంది ఎక్స్‌ట్రాలు ప్రేక్షకులుగా కూర్చున్నారు. ఆర్లో మేకప్ వేసుకుని స్టేజి మీదకొచ్చి, అలవాటు కొద్దీ జనాన్ని ఒకసారి పారజూశాడు. మూడో వరసలో, దారి పక్క కుర్చీలో, గోధుమ రంగు టోపీ పెట్టుకుని లెట్టీ కూర్చుని ఉంది.

వచ్చింది ఆమె ఒక్కతే అయితే ఏదోలా సర్దుకునేవాడేమో. ఆ ఎనభై మందిలో సగానికి సగం పాత వాడ్‌విల్ వాళ్ళే. కుక్కల చేత లెక్కలు చేయించినాయన, మోకాళ్ళతో డోలు వాయించిన అక్కాచెల్లెళ్ళు, ఒంటి చక్రం సైకిలు మనిషి. థియేటర్లు ఒక్కొక్కటే సినిమా హాళ్ళయిపోయాక వీళ్ళందరూ బతుకుతెరువు కోసం ఈ ఎండల ఊరికి చేరి, ఎక్స్‌ట్రాల వరసలో నిలబడడం నేర్చుకున్నారు. వీళ్ళలో పెట్టె ఐటం చూడనివాళ్ళు లేరు. అది ఎవరిదో తెలియనివాళ్ళూ లేరు.

వాడ్‌విల్‌లో మనిషి తాగి పడిపోవచ్చు, పక్కవాడి పెళ్ళాంతో లేచిపోవచ్చు. ఏడాది తిరిగేసరికి అందరూ మర్చిపోతారు. పక్కవాడి ఐటం ఎత్తుకుపోతే మాత్రం చచ్చేదాకా మర్చిపోరు. ఊరు మారినా, జనం మారినా అవే పన్నెండు నిమిషాల మీద ఒక్కో మనిషి బతుకంతా గడిచిపోయేది మరి. దొంగ దొరికితే కొట్టడాలూ తిట్టడాలూ ఉండేవి కావు. వాడు స్టేజి పక్కకి రాగానే అందరూ వీపు తిప్పుకుని నిలబడేవాళ్ళు. అంతకంటే పెద్ద శిక్ష వాళ్ళకి తెలియదు.

ఇప్పుడు వాళ్ళందరూ ఆర్లో వంక చూస్తున్నారు, తర్వాత లెట్టీ వంక చూస్తున్నారు. ఆమె ఒప్పుకునే ఉంటుంది, లేకపోతే ఇక్కడెందుకు కూర్చుంటుందని వాళ్ళ లెక్క. లెట్టీ చేతులు ఒళ్ళో పెట్టుకుని ఎదురుగా చూస్తోంది. ఒక్క మాట అంటే చాలు, పాత్రా పోతుంది, పరువూ పోతుంది. ఆర్లో తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకుని నిలబడ్డాడు.

డైరెక్టర్ దగ్గర సహాయకుడుగా ఉండే సిడ్ స్టేజి అంచుకి వచ్చి చప్పట్లు కొట్టాడు. నలభై ఏళ్ళవాడు, గొంతు పోయిన కోడిలా అరుస్తాడు.

"అమ్మలూ అయ్యలూ, ఇటు వినండి! ఆయన ఐటం చేస్తున్నంతసేపూ మీరు నవ్వాలి. పొట్ట చెక్కలయ్యేలా నవ్వాలి. కానీ చప్పుడు రాకూడదు! మైకు ఆయన మాటలే పట్టుకోవాలి. మీ నవ్వులు తర్వాత విడిగా కలుపుతారు. నోరు తెరవండి, భుజాలు ఊపండి, గొంతు మాత్రం మూసెయ్యండి. అర్థమైందా?"

కుక్కలాయన వెనక వరసలోంచి చెయ్యెత్తాడు. "మా ఐటంకి జనం ఎప్పుడూ అలాగే నవ్వేవాళ్ళు బాబూ! మాకు అలవాటే!"

అందరూ గొల్లుమన్నారు. లెట్టీ పెదవి చివర కూడా కొంచెం కదిలింది. ఆ కదలిక చూసి ఆర్లోకి ఇంకా భయం వేసింది.

రిహార్సలు మొదలైంది. ఆర్లో పెట్టె మూత తీసి, చొక్కా మడతపెట్టి లోపల పెట్టాడు, నడుం నిలబెట్టాడు, మళ్ళీ వంగి అదే చొక్కా బయటికి తీశాడు. ఇక్కడ నవ్వు వస్తుంది. ఎప్పుడూ వస్తుంది. ఆ నవ్వు లేచి, పండి, దిగిపోతున్నప్పుడు రెండో వస్తువు అందుకోవాలి. అది ఏళ్ళ తరబడి ఒంట్లో ఇంకిపోయిన లెక్క. ఆర్లో ఆగాడు. ఎదురుగా ఎనభై నోళ్ళు తెరుచుకున్నాయి, ఎనభై జతల భుజాలు ఊగాయి. చిన్న చప్పుడు కూడా లేదు. ఆర్లో ఇంకా ఆగాడు. కాళ్ళ కింద పలక తీసేసినట్టయింది.

"ఏమైందండీ, మర్చిపోయారా?" అని అడిగాడు హోల్ట్. ముప్పై నాలుగేళ్ళవాడు, చెడ్డవాడు కాదు, కాకపోతే ఓపిక తక్కువ.

"నవ్వు కోసం ఆగానండీ."

"నవ్వు రాదు కదా. మనమే రావద్దన్నాం కదా!"

మళ్ళీ చేశాడు. మళ్ళీ అక్కడే ఆగాడు. మూడోసారీ అంతే. హోల్ట్ దీపాల మనిషితో ఏదో మాట్లాడి, పైనున్న ఆర్కు దీపాలు మార్చాలన్న వంకతో అందరినీ భోజనానికి వదిలేశాడు. అది తన కోసం కల్పించిన వంక అని ఆర్లోకి తెలియకపోలేదు.

లెట్టీ సెట్టు వెనక, ఊరి వీధి బొమ్మ వేసిన పెద్ద పరదా వెనకవైపు, ఒక చెక్కపెట్టె మీద కూర్చుని గుడ్డు శాండ్‌విచ్ తింటోంది. ఏభై నాలుగేళ్ళు. చిక్కిపోయింది. గ్లెన్‌డేల్‌లో ఏదో టోపీల దుకాణం వెనక గదిలో కుట్టుపని చేస్తోందని ఎవరో చెప్పగా విన్నాడు. ఆ టోపీ కూడా తను కుట్టుకున్నదే అయ్యుంటుంది. ఆర్లో వెళ్ళి ఎదురుగా నిలబడ్డాడు.

"కూర్చో" అంది తలెత్తకుండా. "నువ్వు అలా నిలబడితే నాకు మెడ నొప్పి."

ఆర్లో కూర్చోలేదు. "ఎందుకొచ్చావు లెట్టీ?"

"పిలిచారు, వచ్చాను. నవ్వడం వచ్చినవాళ్ళు కావలెను అని బోర్డు మీద రాశారు. నాకు రాదా ఏం?"

"నా పరువు తియ్యడానికొచ్చావు."

"నీకు పరువు ఎప్పుడొచ్చింది? నాకు కబురైనా చెయ్యలేదే."

ఆర్లోకి కోపం రాబోయి, దారి తెలియక ఆగిపోయింది. చెక్కపెట్టెకి ఆ చివర కూర్చున్నాడు. లెట్టీ శాండ్‌విచ్‌లో మిగిలిన సగం కాగితంతో సహా అతని వైపు జరిపింది. ఆర్లో దాన్ని ముట్టుకోలేదు.

"అడగాల్సింది నిన్ను" అన్నాడు. "నీ అడ్రసు తెలీక..."

"తెలుసులే. ఏటా క్రిస్మస్‌కి కార్డు పంపిస్తావుగా. లోపల ఒక్క అక్షరం రాయకుండా. పోస్టుమాన్ కూడా అడిగాడు, ఎవరమ్మా ఈ మూగాయన అని."

"ఏం రాయాలో తెలిసేది కాదు."

"నాకు తెలీదనుకున్నావా?" కాఫీ గుక్క తాగింది. "నీ సినిమాలన్నీ చూశాను. అరవై పైన ఉంటాయి కదూ? బట్లరువై తలుపు తీస్తావు, వచ్చినవాణ్ణి ఒకసారి చూస్తావు, తల తిప్పుకుంటావు, మళ్ళీ చటుక్కున చూస్తావు. జనం నవ్వుతారు. అది నా చూపు. గుటక మింగుతావే, అది నా గుటక. మెడ నాదే, భుజం ఎగరెయ్యడం నాదే. హాల్లో కూర్చుని నన్ను నేనే చూసుకునేదాన్ని. ఒక్క మొహమే నాది కాదు."

ఆర్లో తల దించుకున్నాడు. తొమ్మిదేళ్ళుగా రోజూ భయపడిన మాట ఇదే. అది బయటికి రావడానికి నిమిషం కూడా పట్టలేదు.

"దొంగనే" అన్నాడు. "ఒప్పుకుంటున్నా. నాకు చేతనైనవి రెండే, తలుపు దగ్గర నిలబడడం, నిన్ను చూడడం. కెమెరా ముందు నించోబెట్టి ఏదైనా చెయ్యమనేసరికి, చూసిందే చేశాను. పెట్టె ఐటం కూడా నీదే. నువ్వు కట్టిన ఐటం."

"నేను కట్టానా?"

"కాక? స్పొకేన్‌లో, ఆ బోర్డింగు ఇంట్లో. శనివారం మధ్యాహ్నం. నేను తలుపు తీసేసరికి నువ్వు ప్రాక్టీసు చేస్తున్నావు. నా చొక్కా పెట్టెలో పెడతావు, తీస్తావు. బూట్లు పెడతావు, తీస్తావు. నాకింకా కళ్ళకి కట్టినట్టుంది."

"ప్రాక్టీసు" అంది లెట్టీ.

ఆ మాట ఆమె అన్న తీరుకి ఆర్లో తలెత్తి చూశాడు. ఆమె కాఫీ తాగడం ఆపేసింది.

"ఆర్లో, ఆ శనివారానికి ముందు మంగళవారం ఏం జరిగింది?"

ఆ మంగళవారం వాళ్ళ కూతురు బర్డీ పోయింది. పదకొండు నెలల పిల్ల, కోరింత దగ్గు. గురువారం పొద్దున్న స్పొకేన్‌లో, తమకి తెలిసినవాళ్ళు ఒక్కరూ లేని ఊళ్ళో పాతిపెట్టి వచ్చి, ఆ సాయంత్రమే ఇద్దరూ స్టేజి ఎక్కి పాత పాటల ఐటం చేశారు. ఆదివారం బ్యూట్ ఊరి రైలు ఎక్కాలి. వాడ్‌విల్ బతుకు అంతే, పెళ్ళికీ ఆగదు, చావుకీ ఆగదు. ఆ రోజుల గురించి భార్యాభర్తలిద్దరూ తర్వాత ఎన్నడూ మాట్లాడుకోలేదు.

"దాని పక్క ఎక్కడుండేది?" అంది లెట్టీ.

"పెట్టె పై అరలో."

ఊళ్ళు తిరిగే ఆటగాళ్ళ పిల్లలందరూ అక్కడే పడుకునేవాళ్ళు. ట్రంకు పెట్టెలో పైన అమర్చే అర, దాన్ని తీసి రెండు కుర్చీల మీద పెడితే ఉయ్యాలకంటే బాగుండేది.

"ఆదివారం రైలు. పెట్టె సర్దమన్నావు నువ్వు. కిందంతా సర్దాను. పై అర పెట్టందే మూత పడదు. అర పెట్టాలంటే దాని దుప్పటీ, దాని చిన్న దిండూ అందులోంచి తియ్యాలి. దిండు మీద తల పెట్టిన గుంట అలాగే ఉంది ఆర్లో. నాకు చేతులు రాలేదు. సరే, కింద ఇంకేదో సరిగ్గా సర్దలేదనుకుని చొక్కా తీశాను. మళ్ళీ పెట్టాను. అర వంక చూశాను. మళ్ళీ తీశాను. ఎంతసేపు చేశానో తెలీదు. బూట్లు తీశాను, పెట్టాను. అప్పుడు నువ్వు తలుపు తీశావు."

ఆర్లో రెండు చేతులతో చెక్కపెట్టె అంచు పట్టుకున్నాడు.

"నిలబడి చూశావు. చూసి చూసి నవ్వావు. పగలబడి నవ్వావు. 'లెట్టీ, ఇది ఐటం! పన్నెండు నిమిషాలు నడుస్తుంది! ఆపకు, ఆపకు, మళ్ళీ చెయ్యి!' అన్నావు."

"దేవుడా" అన్నాడు ఆర్లో.

"మళ్ళీ చేశాను."

పరదా అవతల ఎవరో నిచ్చెన లాగుతున్నారు.

"ఎందుకు చెప్పలేదు? లెట్టీ, ఒక్క మాట... ఎందుకు చెప్పలేదు నాకు?"

"ఎలా చెప్పను? మంగళవారం నుంచీ నువ్వు తిండి ముట్టలేదు. స్టేజి మీద పాడడం తప్ప నోరు విప్పలేదు. గోడ వంక చూస్తూ కూర్చునేవాడివి. పిల్ల ఎలాగూ పోయింది, ఇక ఈయన కూడా దక్కడనుకున్నాను. అలాంటిది, అంతలా నవ్వావు. అమ్మయ్య, మనిషి బతికాడనుకున్నాను. ఆ నవ్వు నిన్ను బతికించింది కదాని ఊరుకున్నాను."

"పన్నెండేళ్ళు!" అన్నాడు ఆర్లో. "రోజుకి రెండుసార్లు!"

"ఆదివారాలు మూడు" అంది లెట్టీ.

ఆర్లో ఏడ్చాడు. మేకప్ కరిగి కాలరు మీదకి కారుతున్నా పట్టించుకోకుండా, చిన్నపిల్లాడిలా వెక్కి వెక్కి ఏడ్చాడు. లెట్టీ ఓదార్చలేదు, ఎగతాళీ చెయ్యలేదు. కాసేపయ్యాక శాండ్‌విచ్ చుట్టిన కాగితపు రుమాలు తీసి చేతికిచ్చింది.

"మొహం ఒత్తుకో, తుడవకు. మేకప్ పోతుంది."

"ఎలా చేశావు లెట్టీ అన్నేళ్ళు? ఎలా ఓర్చుకున్నావు?"

"చెయ్యకపోతేనే ఓర్చుకోలేకపోయేదాన్ని. ఐటం అయ్యేసరికి పెట్టె తెరిచే ఉండేది, తెర పడిపోయేది. రేపు మళ్ళీ తెరిచిన పెట్టె. దాన్ని నేను ఎప్పటికీ మూయక్కర్లేదు." కాఫీ కప్పు నేల మీద పెట్టింది. "నిజం పెట్టె సర్దేది ఎవరు, గుర్తుందా? ఆ స్పొకేన్ తర్వాత ఒక్క ఊళ్ళోనైనా నేను సర్దానా?"

ఆర్లో ఆలోచించాడు. నలభై రాష్ట్రాలు, వందల ఊళ్ళు, వందల బోర్డింగు ఇళ్ళు. ప్రతిచోటా పెట్టె సర్దింది తనే. స్టేజి మీద సర్దడంలో ఆరితేరిన ఆడది ఇంట్లో చెయ్యి కదపదని నలుగురిలో ఎన్నిసార్లు వెక్కిరించాడు! ఆమె కూడా నలుగురితోపాటు నవ్వేది.

"ఒమాహాలో కూడా నీది నువ్వే సర్దుకుని వెళ్ళావు" అంది లెట్టీ.

అంతలో సిడ్ అరుపు వినిపించింది. అందరూ సీట్లలోకి రావాలి, దీపాలు సిద్ధం.

ఆర్లో లేచాడు. "ఇప్పుడు నన్నేం చెయ్యమంటావు? చెప్పు. వద్దంటే మానేస్తాను. ఇప్పుడే వెళ్ళి చెప్పేస్తాను."

"నన్నడక్కు" అంది లెట్టీ గ్లవ్సు తొడుక్కుంటూ. "ఒకసారి నిన్ను బతికించాను. ప్రతిసారీ నా వల్ల కాదు."

ఆమె వెళ్ళి మూడో వరసలో తన కుర్చీలో కూర్చుంది.

కెమెరా తిరగడం మొదలయ్యాక ఆర్లో ఏం చేశాడో అతనికే సరిగ్గా తెలియదు. చేతులు వాటి దారిన అవి పోయాయి. చొక్కా లోపలికి వెళ్ళింది, బయటికి వచ్చింది. ఈసారి అతను నవ్వు కోసం ఆగలేదు. అసలు నవ్వు సంగతే గుర్తురాలేదు. ఎదురుగా ఎనభై నోళ్ళు చప్పుడు లేకుండా తెరుచుకుని మూసుకుంటున్నాయి. బూట్లు పెట్టి తీశాడు. గొడుగు పెట్టి తీశాడు. పై అర దగ్గరికి వచ్చేసరికి, పన్నెండేళ్ళు ప్రతి ఊళ్ళోనూ అన్నిటికంటే పెద్ద నవ్వు వచ్చిన చోటుకి వచ్చేసరికి, దాన్ని రెండు చేతులా ఎత్తి నిలబడిపోయాడు. ఎక్కడ పెట్టాలో తోచలేదు. గొంతులో ఏదో అడ్డం పడి గుటక వేశాడు.

"కట్!" హోల్ట్ కుర్చీలోంచి లేచి వచ్చేశాడు. "అద్భుతం! ఆ చివర గుటక ఉంది చూశారూ, నా సర్వీసులో అంత బాగా ఎవరూ చెయ్యలేదండీ. ఎక్కడ పట్టారు దాన్ని?"

ఆర్లో అరని మెల్లగా కింద పెట్టాడు.

ఇక జనం మొహాలు తియ్యాలి. కెమెరాని ఇటు తిప్పి సీట్ల వైపు పెట్టారు. ఆర్లో స్టేజి మీద అదే ఐటం మళ్ళీ చేస్తుంటే, కెమెరా మాత్రం వాళ్ళ నవ్వుల్ని పట్టుకుంటుంది. ఆర్లో చొక్కా ఎత్తాడు. మొదటి వరస నవ్వింది, రెండో వరస నవ్వింది. మూడో వరసలో లెట్టీ నోరు తెరిచింది, మూసింది. మళ్ళీ తెరిచింది. అది నవ్వు కాలేదు.

"ఆపండి" అన్నాడు హోల్ట్. "సిడ్, మూడో వరసలో గోధుమ రంగు టోపీ ఆవిడ నవ్వట్లేదు. సరిగ్గా కెమెరాకి ఎదురుగా ఉంది. ఆవిణ్ణి మార్చెయ్యి."

సిడ్ వెళ్ళి లెట్టీ మోచెయ్యి పట్టుకున్నాడు. "లేవండమ్మా. నవ్వడం రాకపోతే ముందే చెప్పాల్సింది."

లెట్టీ బుద్ధిగా సంచీ అందుకుని లేచింది. వెనక వరసల్లో పాత వాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

ఆర్లో చేతిలో చొక్కా పట్టుకుని అంతా చూస్తున్నాడు. ఇంకో రెండు నిమిషాలు నోరు మూసుకుంటే చాలు. ఆమె వెళ్ళిపోతుంది, పాత్ర నిలుస్తుంది, అరవై నాలుగో సినిమాలో అతనికి పేరుంటుంది. ఇన్నాళ్ళూ అతను నెగ్గుకొచ్చింది నోరు మూసుకునే. ఈసారి మాత్రం వల్ల కాలేదు.

"ఆవిణ్ణి వదులు సిడ్!" అని అరిచాడు. తర్వాత హోల్ట్ వైపు తిరిగాడు. "ఈ ఐటం నాది కాదండీ. మీతో అబద్ధం చెప్పాను. ఇది ఆవిడది. లెట్టీ మార్ష్‌ది. అడక్కుండా ఎత్తుకొచ్చాను."

ముందు కుక్కలాయన లేచాడు. ఆ ముసలాయన ఆర్లోని ఎప్పుడూ తమ్ముడూ అనే పిలిచేవాడు. ఆర్లో వంక ఒక్క క్షణం చూసి, స్టేజికి వీపు తిప్పి నిలబడ్డాడు. తర్వాత డోలు అక్కాచెల్లెళ్ళు లేచారు. తర్వాత ఒంటి చక్రం మనిషి. ఒకరి తర్వాత ఒకరు, నలభై వీపులు. మిగతా ఎక్స్‌ట్రాలకి సంగతేమిటో అర్థం కాక బిక్కమొహాలతో కూర్చుండిపోయారు.

"ఇప్పుడా చెప్పేది?" అన్నాడు హోల్ట్. మొహం ఎర్రబడింది. "సగం తీశాక! ఎవరిదో తెలీకుండా నేను ఒక్క అడుగు ఫిల్ము కూడా వాడలేను, తెలుసా మీకు?" లెట్టీ వైపు నడిచాడు. "అమ్మా, ఆయన చెప్పింది నిజమేనా? ఈ ఐటం మీదేనా?"

కాదంటే అతను బతికిపోతాడు. ఔనంటే ఈ ఊళ్ళో అతన్ని ఇక బట్లరు వేషానికి కూడా పిలవరు.

లెట్టీ స్టేజి మీది పెట్టె వంక చూసింది. "ఆయన చేసింది నాది కాదండీ" అంది. "నాది వేరేగా ఉంటుంది."

"ఎలా ఉంటుంది?"

"చూపిస్తాను. తలుపు దగ్గర ఒక మనిషి కావాలి."

హోల్ట్ ఏమనుకున్నాడో, కెమెరా మనిషికి సైగ చేశాడు. కెమెరా మళ్ళీ స్టేజి వైపు తిరిగింది. లెట్టీ సంచీ కుర్చీలో వదిలి, మెట్లెక్కి వచ్చి, గ్లవ్సు విప్పి పెట్టె పక్కన పెట్టింది. ఆర్లో ఎవరూ చెప్పకుండానే టోపీ తీసి చేత్తో పట్టుకుని తలుపులోకి వెళ్ళి నిలబడ్డాడు.

ఆమె చొక్కా అందుకుంది. భుజాలు కలిపి, చేతులు వెనక్కి మడిచి, పెట్టెలో పెట్టింది. నడుం నిలబెట్టింది. ఆర్లో మళ్ళీ ఆమె వంగడం కోసం చూశాడు. ఆమె వంగింది, కానీ బూట్ల కోసం. వాటిని ఒక మూలకి సర్దింది. గొడుగు ఐమూలగా పెట్టింది. ఏదీ బయటికి తీయలేదు. వీపు తిప్పుకున్నవాళ్ళలో ఒకరిద్దరు, చప్పుడు తేడాగా ఉందని కాబోలు, ఇటు తిరిగి చూశారు.

పై అర దగ్గరికి వచ్చింది. అందులో సెట్టు వాళ్ళు పడేసిన కాలర్లూ, ఒక దువ్వెనా ఉన్నాయి. ఒక్కొక్కటీ తీసి పక్కన పెట్టింది. ఖాళీ అర అడుగుని అరచేత్తో ఒకసారి నిమిరింది, రెండోసారి నిమిరింది. ఆర్లో ఒక అడుగు ముందుకు వేయబోయాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. అరని ఎత్తి పెట్టెలో అమర్చింది. మూత దించింది. మోకాలు ఆనించి గట్టిగా అదిమి, ఒక గొళ్ళెం వేసింది, రెండో గొళ్ళెం వేసింది.

పన్నెండేళ్ళలో ఆ పెట్టె స్టేజి మీద మూతపడడం ఎవరూ చూడలేదు. ఇప్పుడు అందరూ ఇటు తిరిగి చూస్తున్నారు.

లెట్టీ పిడి పట్టుకుని, బరువుకి వంగిపోతూ, పెట్టెని చెక్కల మీద ఈడ్చుకుంటూ తలుపు దాకా వచ్చింది. ఆర్లో కాళ్ళ ముందు వదిలింది. ఆయాసపడుతూ నిలబడి, అతని కళ్ళలోకి చూసింది.

"నీ పెట్టె సర్దేశాను ఆర్లో" అంది. "ఇక వెళ్ళు."

ఐటంలో ఈ మాట లేదు. హోల్ట్ కట్ చెప్పలేదు, కెమెరా తిరుగుతూనే ఉంది, ఆర్లో టోపీ చేత్తో పట్టుకుని తలుపులోనే నిలబడి ఉన్నాడు.